స్పీడోమీటరు చూపని త్వరణం

శ్రీనగర్ నుంచి కన్యాకుమారి దాకా దేశాన్ని నిలువునా కలిపే 44వ నంబరు జాతీయ రహదారి వనపర్తి జిల్లాలో కొత్తకోట మీదుగా పోతుంది. ఉత్తరాన జడ్చర్ల, హైదరాబాదు. దక్షిణాన పెబ్బేరు, బీచుపల్లి దగ్గర కృష్ణ మీది వంతెన, ఆపైన కర్నూలు. తూర్పుకు వనపర్తి రోడ్డు, పడమటికి ఆత్మకూరు వైపు పోయే రోడ్డు. నాలుగు దిక్కులకూ దారులున్న ఊరు కాబట్టి ఇక్కడ బండ్లు రోజంతా మలుపు తిరుగుతూనే ఉంటాయి.

ఆ మలుపే ఈ అధ్యాయం. తిన్నని గీత మీద కదిలే వస్తువుకు దిశ పెద్ద సమస్య కాదు. ముందుకు పోతే ప్లస్, వెనక్కి వస్తే మైనస్, అంతటితో సరి. కానీ నేల గీత కాదు, విశాలమైన తలం. దాని మీద బండి ఎటైనా తిరగగలదు. అలా తిరిగేటప్పుడు స్పీడోమీటరు ముల్లు ఇసుమంతైనా కదలకపోయినా బండికి త్వరణం ఉంటుంది, ఒక్కోసారి చాలా పెద్ద త్వరణమే ఉంటుంది. ఇంటర్ మొదటి సంవత్సరం భౌతికశాస్త్రంలో ‘సమతలంలో చలనం’ పాఠం చదివినవాళ్లు చాలామంది సూత్రాలు గుర్తుంచుకుంటారు గానీ ఈ విషయాన్ని మనసుకు ఎక్కించుకోరు. ఎక్కించుకోవలసిన విషయం మాత్రం ఇదే. రహదారి పక్క ఊళ్లలో బతికేవాళ్లకు ఇది పరీక్ష మార్కుల కన్నా ఎంతో పెద్ద విషయం.

కొత్తకోట మూలబిందువుగా

కొత్తకోట కూడలిని సున్నా అనుకుందాం. తూర్పు దిక్కును ఒక అక్షంగా, ఉత్తర దిక్కును మరో అక్షంగా తీసుకుందాం. ఇక ఈ ప్రాంతంలో ఏ చోటునైనా రెండు అంకెలతో చెప్పవచ్చు: తూర్పుకు ఎంత, ఉత్తరానికి ఎంత. పడమరకైనా దక్షిణానికైనా ముందు మైనస్ పెడతాం. తలంలో ఒక బిందువును గుర్తించడానికి ఒక్క అంకె ఎప్పుడూ చాలదు, రెండు కావాలి.

ఒక కారు వనపర్తిలో బయల్దేరి పడమటికి 15 కిలోమీటర్లు నడిచి కొత్తకోట చేరింది, అక్కడ రహదారి ఎక్కి దక్షిణానికి 20 కిలోమీటర్లు పోయి పెబ్బేరు చేరింది అనుకుందాం. లెక్క తేలిగ్గా ఉండేందుకు దూరాలను, దిక్కులను కొంచెం సవరించాను. మొత్తం నడిచింది 35 కిలోమీటర్లు, పట్టింది 42 నిమిషాలు. అంటే సగటు వడి గంటకు 50 కిలోమీటర్లు. అయితే బయల్దేరిన చోటు నుంచి చేరిన చోటుకు తిన్నగా గీత గీస్తే దాని పొడవు 25 కిలోమీటర్లే. 15, 20 భుజాలుగా ఉన్న లంబకోణ త్రిభుజానికి కర్ణం అది. ఈ తిన్నని గీతకు స్థానభ్రంశం అని పేరు. దాన్ని కాలంతో భాగిస్తే వచ్చేది సగటు వేగం: గంటకు దాదాపు 36 కిలోమీటర్లు, నైరుతి వైపు.

ఎంత త్వరగా అన్నది మాత్రమే చెబితే అది వడి. ఎంత త్వరగా, ఎటువైపు అన్న రెండూ కలిపి చెబితే అది వేగం. వడి అదిశ రాశి, వేగం సదిశ రాశి. కొత్తకోట నుంచి గంటకు 60 కిలోమీటర్ల చొప్పున ఒక బస్సు వనపర్తికి, ఇంకో బస్సు పెబ్బేరుకు పోతుంటే వాటి వడి ఒక్కటే, వేగాలు వేరు.

42 నిమిషాల సగటు మనకు కారు కథ మొత్తం చెప్పదు. అందుకే కాలాన్ని చిన్నది చేసుకుంటూ పోతాం. ఒక నిమిషం, ఒక సెకను, సెకనులో వందో వంతు. అలా కుదించేకొద్దీ స్థానభ్రంశం అనే ఆ చిన్న గీత కారు నడుస్తున్న దారిని అంటిపెట్టుకుంటుంది. చివరికి అది దారికి ఆ బిందువు దగ్గర గీసిన స్పర్శరేఖ వెంట నిలుస్తుంది. కాబట్టి దారి ఎంత వంకర తిరిగినా, ఏ క్షణంలోనైనా వేగం స్పర్శరేఖ వెంటే ఉంటుంది. మలుపులో టైరు పట్టు తప్పిన బండి ఆ స్పర్శరేఖ వైపే దూసుకుపోవడానికి కారణం ఇదే.

కృష్ణలో పుట్టి

తలంలో చలనాన్ని అర్థం చేసుకోవడానికి కృష్ణానది మంచి బడి. మక్తల్ వైపు పంచదేవపహాడ్ నుంచి నది నడుమనున్న కురువపురం దీవికి భక్తులు పుట్టిలో దాటడం పాత అలవాటు. వెదురుతో గుండ్రంగా అల్లి, నీరు చొరకుండా అడుగున కప్పు వేసిన తెప్ప పుట్టి. దానికి ముందూ వెనకా లేదు. తెడ్డు ఎటు తోస్తే అటు కదులుతుంది, నీరు ఎటు లాగితే అటూ కదులుతుంది.

నది ఒకచోట 400 మీటర్ల వెడల్పు ఉందనుకుందాం. నడిపే మనిషి తెడ్డుతో పుట్టిని అవతలి ఒడ్డుకు సూటిగా సెకనుకు 1 మీటరు చొప్పున తోస్తున్నాడు. నీరు దిగువకు సెకనుకు అర మీటరు పారుతోంది. పుట్టి అవతలి ఒడ్డుకు చేరడానికి ఎంతసేపు? 400 సెకన్లు. ప్రవాహం దాన్ని పక్కకు ఈడ్చినా ఈ సమయం మారదు, ఎందుకంటే ప్రవాహం అడ్డంగా తోయదు. ఆ 400 సెకన్లలో పుట్టి 200 మీటర్లు దిగువకు జారుతుంది. ఒడ్డున నిలబడి చూసేవాళ్లకు అది ఏటవాలుగా, సెకనుకు సుమారు 1.12 మీటర్ల వడితో పోతున్నట్టు కనిపిస్తుంది. సరిగ్గా ఎదుటి రేవులో దిగాలంటే ముందే ఒడ్డు వెంట ఎగువకు పోయి అక్కడి నుంచి నదిలోకి దిగాలి, లేదా తెడ్డును కొంత ఎగువ వైపుకు తిప్పి పట్టాలి. నది మీద బతికే మనిషి ఈ సదిశ సంకలనాన్ని చేతులతోనే చేస్తాడు.

ఇందులోని మూలసూత్రాన్ని గెలీలియో 1638లో అచ్చయిన తన ఆఖరి గ్రంథంలో విసిరిన వస్తువులకు వర్తింపజేశాడు. ఒకదానికొకటి లంబంగా ఉన్న రెండు దిక్కుల చలనాలు ఒకదానిలో ఒకటి వేలు పెట్టవు. ఫిరంగి గుండు అడ్డంగా ఒకే వడితో పోతూనే ఉంటుంది, నిలువుగా మాత్రం భూమ్యాకర్షణకు లోబడి పడుతుంటుంది. రెండూ కలిస్తే పరావలయం. తలంలో ఎంత చిక్కుగా ఉన్న చలనాన్నయినా రెండు తిన్నని చలనాలుగా విడదీసి చూడవచ్చు అన్న ధైర్యం మనకు ఇక్కడి నుంచే వచ్చింది. దీన్ని ఇంకాసేపట్లో రహదారి మీద వాడుకుంటాం.

ముల్లు కదలదు, త్వరణం ఉంటుంది

వేగం మారే రేటును త్వరణం అంటాం. వేగానికి పరిమాణం, దిశ అని రెండు ముఖాలు ఉన్నప్పుడు వాటిలో ఏది మారినా త్వరణం ఉన్నట్టే. ఏక్సిలరేటరు తొక్కితే త్వరణం, బ్రేకు తొక్కితే త్వరణం. స్టీరింగు తిప్పినా త్వరణమే.

ఒక కారు దక్షిణం నుంచి ఉత్తరంగా వస్తూ కొత్తకోటలో కుడికి తిరిగి వనపర్తి వైపు పోతోంది. మలుపు మొత్తం సెకనుకు 10 మీటర్ల వడి, అంటే గంటకు 36 కిలోమీటర్లు. మలుపు 20 మీటర్ల వ్యాసార్ధంతో పావు వృత్తం. ముందు వేగం: ఉత్తరానికి 10, తూర్పుకు సున్నా. తర్వాత వేగం: తూర్పుకు 10, ఉత్తరానికి సున్నా. మార్పు ఎంత? తూర్పు వైపు 10 కొత్తగా వచ్చింది, ఉత్తరం వైపు 10 పోయింది, అంటే దక్షిణం వైపు 10 చేరింది. ఈ రెండూ కలిపితే ఆగ్నేయ దిశలో సెకనుకు 14.1 మీటర్లు. వడి 10 నుంచి 10కే వచ్చినా వేగంలో మార్పు 14.1 అయింది.

పావు వృత్తం పొడవు 31.4 మీటర్లు, దానికి పట్టిన కాలం 3.14 సెకన్లు. మార్పును కాలంతో భాగిస్తే సగటు త్వరణం 4.5. అంటే వేగం ప్రతి సెకనుకూ సెకనుకు 4.5 మీటర్ల చొప్పున మారుతోంది. వాటం చూడండి. కుడికి తిరిగే ఆ కారుకు వృత్త కేంద్రం మలుపు లోపలి వైపు ఉంది. ఆగ్నేయం చూపేదీ లోపలికే. కాలాన్ని మళ్లీ కుదించుకుంటూ పోతే ప్రతి క్షణంలోనూ త్వరణం సరిగ్గా కేంద్రం వైపే ఉంటుంది, దాని విలువ వడి వర్గాన్ని వ్యాసార్ధంతో భాగిస్తే వచ్చేంత: 100 ÷ 20, అంటే 5. దీనికి అభికేంద్ర త్వరణం అని పేరు. వడి, వ్యాసార్ధాలతో దీనికున్న సంబంధాన్ని డచ్చి శాస్త్రవేత్త క్రిస్టియాన్ హైగెన్స్ 1673లో ప్రకటించాడు.

సాధారణ మలుపులో వడి కూడా మారుతుంటుంది. అప్పుడు త్వరణాన్ని రెండు భాగాలుగా చూస్తాం. దారి వెంట ఉండే భాగం వడిని పెంచుతుంది లేదా తగ్గిస్తుంది. దారికి లంబంగా ఉండే భాగం దిశను తిప్పుతుంది. స్పీడోమీటరు మొదటి దాని సంగతి మాత్రమే చెప్పగలదు. రెండోదాన్ని చూపే సాధనం డాష్‌బోర్డు మీద లేదు, అది మన ఒంటికి తెలుస్తుంది. బస్సు కుడికి తిరిగితే మనం ఎడమకు ఒరుగుతాం. మనల్ని ఎవరో బయటికి నెట్టారనిపిస్తుంది. నిజానికి మన శరీరం స్పర్శరేఖ వెంట తిన్నగా పోబోతోంది, సీటూ కడ్డీ దాన్ని లోపలికి లాగుతున్నాయి.

సరళాసాగర్ వంపులో నీరు

ఇది బండ్ల సంగతి మాత్రమే కాదు. కొత్తకోటకు దగ్గరలోనే మదనాపురం మండలంలో ఊకచెట్టు వాగు మీద సరళాసాగర్ ఉంది. 1949లో శంకుస్థాపన జరిగి 1959లో పూర్తయిన ఈ జలాశయానికి వనపర్తి రాజవంశపు రాణి సరళాదేవి పేరు పెట్టారు. దీని ప్రత్యేకత సైఫన్లు. నీటిమట్టం నిండు స్థాయిని దాటగానే నీరు కాంక్రీటు గొట్టం లోపలి గట్టు మీద నుంచి పొర్లి, లోపలున్న గాలిని తనతో లాక్కుపోతుంది. గొట్టం నిండా నీరు పట్టుకున్నాక సైఫన్ తనంతట తానే జోరుగా పారుతుంది. మట్టం తగ్గి గాలి దూరగానే ఆగిపోతుంది. గేట్లు ఎత్తే మనిషి అక్కర్లేదు, కరెంటు అక్కర్లేదు.

ఆ గొట్టంలో నీరు గట్టు మీదుగా పైకెక్కి కిందికి మళ్లుతుంది, వంపు తిరుగుతుంది. ఉదాహరణకు నీరు సెకనుకు 8 మీటర్ల వడితో 2 మీటర్ల వ్యాసార్ధమున్న వంపు తిరిగితే దాని త్వరణం 64 ÷ 2, అంటే 32. భూమ్యాకర్షణ త్వరణం 9.8కి ఇది మూడు రెట్ల పైమాటే. నీటికి అంత త్వరణం రావాలంటే బయటి గోడ దగ్గర పీడనం ఎక్కువగా, లోపలి గట్టు దగ్గర పీడనం తక్కువగా ఉండాలి. గట్టు దగ్గర పీడనం మరీ పడిపోతే నీరు అక్కడికక్కడే ఆవిరి బుడగలుగా విడిపోతుంది. ఆ బుడగలు చితికేటప్పుడు కాంక్రీటునే కొరికేస్తాయి. అందుకే సైఫన్ గీసే ఇంజనీరు ఎంత నీరు పారుతుందన్న లెక్కతో ఆగడు, ఎంత వంపు తిరుగుతుందన్న లెక్క కూడా కడతాడు.

రోడ్డు ఎంత ఇవ్వగలదు

రోడ్డు మీద బండిని లోపలికి నెట్టేది టైరుకూ తారుకూ మధ్య ఉండే ఘర్షణ. దానికి తోడుగా మలుపులో బయటి అంచును కొంచెం ఎత్తు చేసి రోడ్డునే లోపలికి వాలుస్తారు. 1934లో ఏర్పడిన ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ నియమం ప్రకారం ఈ వాలు మైదాన ప్రాంతాల్లో 7 శాతం మించకూడదు. పక్కవాటు ఘర్షణ గుణకాన్ని 0.15గా తీసుకుంటారు. రెండూ కలిపితే 0.22. బండి వడిని గంటకు కిలోమీటర్లలో తీసుకుని, దాని వర్గాన్ని 127తోనూ మీటర్లలో ఉన్న వ్యాసార్ధంతోనూ భాగించాలి. వచ్చిన ఫలితం ఆ 0.22 దాటకూడదు. ఈ 127 ఎక్కడి నుంచో ఊడిపడిన అంకె కాదు. 9.8ని 3.6తో రెండుసార్లు గుణిస్తే వచ్చేది అదే. లోపల ఉన్నది హైగెన్స్ సూత్రమే.

గంటకు 100 కిలోమీటర్లకు లెక్క కడితే వ్యాసార్ధం సుమారు 360 మీటర్లు వస్తుంది. ఇప్పుడు అదే మలుపును ఒకరు 140లో తిరిగారనుకోండి. లెక్క కడితే 0.43 వస్తుంది. వాలు ఇచ్చే 0.07 పోగా ఘర్షణ ఇవ్వాల్సింది 0.36. వడి పెరిగింది 40 శాతమే, టైరు మీద పడ్డ భారం మాత్రం రెండు రెట్లు దాటింది. వానకు తడిసిన రోడ్డు మీద, అరిగిన టైరుతో ఆ 0.36 దొరకకపోవచ్చు. వడికి వర్గం ఉండటమంటే ఇది. సగం వడికి నాలుగో వంతు త్వరణం, రెట్టింపు వడికి నాలుగు రెట్లు.

ఒక్క లేను పక్కకు జరగడం

2013 అక్టోబరు 30 తెల్లవారుజామున, అప్పటి మహబూబ్‌నగర్ జిల్లా కొత్తకోట మండలంలోని పాలెం దగ్గర, బెంగళూరు నుంచి హైదరాబాదు వస్తున్న ఒక ప్రైవేటు బస్సు కల్వర్టును గుద్దుకుంది. ఇంధన ట్యాంకు పగిలి మంటలు లేచాయి. 45 మంది చనిపోయారు. ముందు పోతున్న కారును దాటబోయే క్రమంలో ఇది జరిగిందని అప్పట్లో చెప్పారు. ఈ ప్రాంతం ఆ ఉదయాన్ని ఇప్పటికీ మరవలేదు. కింది లెక్క ఆ బస్సుది కాదు. నిండుగా మనుషులతో రాత్రిపూట పరుగెత్తే ఏ బస్సుకైనా వర్తించేది, ప్రతి డ్రైవరూ ప్రతి యజమానీ తెలుసుకోవలసినది.

2018లో కేంద్రం సవరించిన నిబంధన ప్రకారం నాలుగు వరుసల రహదారిపై బస్సుల గరిష్ఠ వడి గంటకు 90 కిలోమీటర్లు, అంటే సెకనుకు 25 మీటర్లు. ఒక వరుస వెడల్పు 3.5 మీటర్లు. పుట్టి లెక్కలాగే బస్సు చలనాన్ని కూడా విడదీద్దాం: ముందుకు సెకనుకు 25, పక్కకు కొంత. పక్కకు జరిగే చలనంలో మొదటి సగం కాలం ఆ వైపుకు త్వరణం కావాలి, రెండో సగం దాన్ని ఆపే ఎదురు త్వరణం కావాలి.

నాలుగు సెకన్లలో తాపీగా జరిగితే పక్కవాటు త్వరణం 0.9 కూడా ఉండదు, ప్రయాణికుడి నిద్ర చెదరదు. రెండు సెకన్లలో జరిగితే అది 3.5 అవుతుంది. కాలం సగమైతే త్వరణం నాలుగింతలు. ఒక్క సెకనులో జరగాలంటే 14 కావాలి. పొడిగా ఉన్న మంచి రోడ్డు మీద కూడా టైర్లు ఇవ్వగలిగింది దాదాపు 7, కాబట్టి అది జరగని పని. ఎత్తైన బస్సో నిండు లారీయో అయితే టైరు జారకముందే ఒరిగిపోవచ్చు.

రెండు సెకన్ల మార్పును నిదానంగా చూద్దాం. మొదటి సెకను ముగిసేసరికి పక్కకు వేగం సెకనుకు 3.5 మీటర్లు. ముందుకు ఉన్న 25తో దీన్ని కలిపితే మొత్తం వడి 25.24. స్పీడోమీటరు భాషలో 90 నుంచి 91కి కూడా నిండా చేరలేదు. బస్సు తిరిగిన కోణం 8 డిగ్రీలు, కంటికి పెద్దగా ఆనదు. ఆ క్షణంలో డ్రైవరుకు ఒక కునుకు పట్టినా, స్టీరింగును తిరిగి సరిచేయడం ఒక్క సెకను ఆలస్యమైనా, బస్సు ఆ 8 డిగ్రీల స్పర్శరేఖ వెంటే పోతుంది. ముందుకు 25 మీటర్లు, పక్కకు ఇంకో 3.5 మీటర్లు, అంటే ఇంకో లేను. ఆ సరికి అక్కడ ఉండేది రోడ్డు అంచు, డివైడరు, లేదా కల్వర్టు గోడ. మామూలు మనిషి దేన్నయినా చూసి కాలూ చెయ్యీ కదపడానికే ఒక సెకను దాకా పడుతుంది.

భయపడిన డ్రైవరు చేసే పని బ్రేకునూ స్టీరింగునూ ఒకేసారి గట్టిగా వాడటం. ఇక్కడ మళ్లీ సదిశలే తీర్పు చెబుతాయి. టైరు పట్టు నెల జీతం లాంటిది, ఏ ఖర్చుకైనా అందులోంచే తీయాలి. మొత్తం 7 ఉందనుకుంటే, పక్కకు తిప్పడానికి 5.6 వాడేస్తే బ్రేకుకు మిగిలేది 4.2 మాత్రమే. 5.6 వర్గమూ 4.2 వర్గమూ కలిస్తేనే 7 వర్గం. అంతకు మించి అడిగితే టైరు జారుతుంది. జారిన టైరు ఇక స్టీరింగు మాట వినదు. అందుకే అనుభవమున్న డ్రైవర్లు మలుపుకు ముందే, తిన్నగా ఉన్నప్పుడే బ్రేకు వేసి వడి తగ్గించుకుంటారు, ఆ తర్వాతే తిప్పుతారు.

మీరే కొలవండి

ఈ త్వరణాన్ని కొలిచే పరికరం ఇవాళ చాలామంది జేబుల్లోనే ఉంది. స్మార్ట్‌ఫోన్‌లో త్వరణమాపకం ఉంటుంది. జర్మనీలోని ఆహెన్ విశ్వవిద్యాలయం వారు ఉచితంగా ఇస్తున్న ఫైఫాక్స్ వంటి యాప్ దాని రీడింగులను గ్రాఫుగా చూపిస్తుంది. ప్రయాణికులుగా బస్సు ఎక్కినప్పుడు, ఎప్పుడూ డ్రైవరుగా కాదు, ఫోనును ఒడిలో పుస్తకం మీద చదునుగా, తల ముందుకు ఉండేలా పెట్టండి. అడ్డం వైపు అక్షం చూపే అంకెను గమనించండి. తిన్నని రోడ్డుపై అది సున్నా దగ్గర అటూఇటూ ఆడుతుంది. కూడలిలో బస్సు తిరగగానే లేస్తుంది. ఆ సమయంలో ముందు వైపు అక్షం మీద పెద్ద మార్పు ఉండకపోవచ్చు, డ్రైవరు ముందున్న ముల్లు కూడా కదలకపోవచ్చు. లంబ త్వరణాన్ని విడిగా చూడటమంటే ఇదే. ఇంటర్ కాలేజీ ఉపాధ్యాయులు పిల్లలతో ఈ గ్రాఫులు తెప్పించి, వాటి నుంచి, బస్సు వడి నుంచి మలుపు వ్యాసార్ధాన్ని లెక్క కట్టించవచ్చు. కాగితం మీది బాణం గుర్తు అప్పుడు వాళ్లు కూర్చున్న సీటు పెట్టే ఒత్తిడిగా అర్థమవుతుంది.

వేగం రెండు అంకెల సంగతి. దానిలో ఏ ఒక్కటి మారినా త్వరణం. ప్రతి త్వరణానికీ ఎవరో ఒకరు బలం ఇవ్వాలి: పుట్టికి తెడ్డు, నీటికి కాంక్రీటు గోడ, బస్సుకు అరచెయ్యంత చోట నేలను తాకే టైరు. ఆ ఇచ్చేవాళ్ల శక్తికి హద్దు ఉంది. గంటకు 90 అని బోర్డు రాసేవాళ్లూ, రాత్రంతా బస్సు నడపమని డ్రైవరును పంపేవాళ్లూ, వెనక సీట్లో నిద్రపోయేవాళ్లూ అందరూ ఆ హద్దుకు లోబడి ఉన్నవాళ్లే. ఆ హద్దు ఎక్కడిది, బలం త్వరణాన్ని ఎలా పుట్టిస్తుంది, బరువైన బస్సుకూ తేలికైన స్కూటరుకూ తేడా ఏమిటి అన్న ప్రశ్నలు న్యూటన్ నియమాల దగ్గరికి తీసుకుపోతాయి. తర్వాతి అధ్యాయం వాటిదే.